పీఎస్‌పీలో యూఎఫ్‌సీ అన్‌డిస్ప్యూటెడ్ 2010: కెరీర్ సేవ్ ఫైళ్లను ఎక్కడ ఉంచుకోవాలి, ఎవరికి ఏ దారి సరిపోతుంది?

యూఎఫ్‌సీ అన్‌డిస్ప్యూటెడ్ 2010 అనేది మిశ్రమ యుద్ధకళల పోటీల సంస్థ యూఎఫ్‌సీ పేరుతో, సోనీ చేతి గేమింగ్ యంత్రం పీఎస్‌పీకి వచ్చిన ఆట. ఇందులో సొంతంగా తయారుచేసుకున్న ఫైటర్‌ని చిన్న పోటీల నుంచి టైటిల్ దాకా తీసుకెళ్లాలంటే గంటలకు గంటలు ఆడాలి. ఆ ఆటంతా చివరికి మెమరీ స్టిక్‌లో ఒక చిన్న ఫోల్డర్‌గా మిగులుతుంది. ఆ ఫోల్డర్ పోతే తెచ్చి ఇచ్చేవాళ్లు లేరు. ఈ ఆటను 2010లో విడుదల చేసిన టీహెచ్‌క్యూ, 2012 జూన్‌లో యూఎఫ్‌సీ హక్కులను ఎలక్ట్రానిక్ ఆర్ట్స్‌కు ఇచ్చేసింది. అదే ఏడాది డిసెంబరులో దివాలా పిటిషన్ వేసింది. కాబట్టి ఈ ఆటకు కొత్త ప్యాచ్ రాదు, మీ కెరీర్‌ని దాచి ఉంచే సర్వరూ లేదు. మీ దగ్గరున్న డిస్క్, మీరు దాచుకున్న సేవ్, అంతే.

దాచుకునే దారులు మాత్రం చాలా ఉన్నాయి. పాత మెమరీ స్టిక్‌లోనే వదిలేయవచ్చు, మైక్రో ఎస్‌డీ అడాప్టర్‌కి మారవచ్చు, కంప్యూటర్‌లో కాపీలు పెట్టుకోవచ్చు, ఎమ్యులేటర్‌లో (పీఎస్‌పీ ఆటల్ని కంప్యూటర్, ఫోన్ మీద నడిపే ప్రోగ్రామ్‌లో) ఆడుతూ ఆటలోని సేవ్‌నే వాడవచ్చు, లేదా ఎమ్యులేటర్ ఇచ్చే సేవ్ స్టేట్‌ల మీద ఆధారపడవచ్చు. ఇవేవీ కాకుండా, అన్నీ అన్‌లాక్ చేసి ఉన్న వేరేవాళ్ల సేవ్‌ని దించుకునేవాళ్లూ ఉన్నారు. పైకి ఇవన్నీ ఒకే పని చేస్తున్నట్టు కనిపిస్తాయి. నిజానికి వీటిలో రెండు మూడు అసలు బ్యాకప్పే కావు.

## ముందు ఏం చూసుకోవాలి

వస్తువు పాడైనా సేవ్ మిగులుతుందా? స్టిక్ చచ్చినా, పీఎస్‌పీ పోయినా, ఫోన్ మార్చినా కెరీర్ బతికి ఉండాలి. మొదట తేల్చుకోవాల్సింది ఇదే.

ఒక పరికరం నుంచి ఇంకోదానికి వెళ్తుందా? పీఎస్‌పీ నుంచి ఫోన్‌కి, ఫోన్ నుంచి మళ్లీ పీఎస్‌పీకి.

ఎంత వెనక్కి వెళ్లగలరు? ఈ ఆటకు ఇది ప్రత్యేకంగా ముఖ్యం. కెరీర్‌లో వారాలు గడుస్తుంటాయి, శిక్షణ ఇవ్వని నైపుణ్యాల పాయింట్లు తగ్గిపోతుంటాయి. ఐదు పోరాటాల క్రితం చేసిన తప్పు ఇవాళ కనబడుతుంది. నిన్నటి కాపీ ఒక్కటే ఉంటే ఆ తప్పు కూడా అందులో భద్రంగా ఉంటుంది.

పొరపాటున మంచి సేవ్ మీద పాతది పడిపోయే అవకాశం ఎంత? స్టిక్ పాడై పోయే సేవ్‌ల కన్నా, మన చేతులతో మనమే చెరిపేసుకునేవి ఎక్కువ.

శ్రమ సంగతి ఆఖరున చూసుకోవచ్చు. ఎందుకంటే ఇక్కడ చెప్పబోయే దారుల్లో ఏదీ ఐదు నిమిషాలు మించి పట్టదు.

## ఆ ఫోల్డర్‌లో ఏముంటుంది

ఏ దారి ఎంచుకున్నా, ఈ ఫోల్డర్‌ని ఒకసారి కళ్లారా చూడటం మంచిది. పీఎస్‌పీ 1000, 2000, 3000 మోడళ్లకు మినీ యూఎస్‌బీ కేబుల్ కావాలి. చార్జింగ్‌కి మాత్రమే పనికొచ్చే కేబుళ్లు కొన్ని ఉంటాయి. వాటితో కంప్యూటర్‌కి డ్రైవ్ కనిపించదు, కేబుల్ మారిస్తే చాలు. పీఎస్‌పీలో సెట్టింగ్స్‌కి వెళ్లి యూఎస్‌బీ కనెక్షన్ నొక్కితే స్టిక్ ఒక పెన్‌డ్రైవ్‌లా తెరుచుకుంటుంది. అందులో పీఎస్‌పీ అనే ఫోల్డర్, దానిలోపల సేవ్‌డేటా అనే ఫోల్డర్ ఉంటాయి.

సేవ్‌డేటాలో ప్రతి ఫోల్డర్ పేరూ ఆట డిస్క్ నంబరుతో మొదలవుతుంది. నాలుగు అక్షరాలు, ఐదు అంకెలు, ఆ తర్వాత ఆట తగిలించుకున్న తోక. అమెరికా డిస్క్ అయితే అక్షరాలు యూఎల్‌యూఎస్, యూరప్ డిస్క్ అయితే యూఎల్‌ఈఎస్. మీ డిస్క్ మీద ఇదే నంబరు మధ్యలో అడ్డగీతతో ముద్రించి ఉంటుంది. ఫోల్డర్ పేరులో అడ్డగీత ఉండదు.

ఫోల్డర్ తెరిస్తే పారమ్.ఎస్‌ఎఫ్‌ఓ, ఐకాన్0.పీఎన్‌జీ, దాంతోపాటు అసలు డేటా ఫైల్ కనిపిస్తాయి. కొన్ని ఆటల్లో వెనక కనిపించే బొమ్మ కూడా ఉంటుంది. మీ ఫైటర్ ఉన్నది డేటా ఫైల్‌లోనే కదా అని అదొక్కటే కాపీ చేస్తే పని జరగదు. డేటా ఫైల్‌ని పీఎస్‌పీ ఎన్‌క్రిప్ట్ చేసి రాస్తుంది. ఆ ఫైల్ సరైనదేనా అని చెప్పే తనిఖీ విలువలు పారమ్.ఎస్‌ఎఫ్‌ఓలో ఉంటాయి. ఫోల్డర్ పేరు కూడా అందులో రాసి ఉంటుంది. అంటే ఈ రెండు ఫైళ్లూ తాళం, తాళంచెవి లాంటివి. ఇవాళ్టి డేటా ఫైల్ పక్కన మొన్నటి పారమ్.ఎస్‌ఎఫ్‌ఓ ఉంటే, పీఎస్‌పీ దాన్ని పాడైన డేటాగా చూపిస్తుంది.

అందుకే ఎప్పుడు కాపీ చేసినా ఫోల్డర్ మొత్తాన్ని చెయ్యండి. అదే డిస్క్ నంబరుతో రెండు మూడు ఫోల్డర్లుంటే, ఏది కెరీర్, ఏది తయారుచేసిన ఫైటర్ అని ఊహించుకుంటూ కూర్చోవద్దు. అన్నిటినీ గంపగుత్తగా తీసుకోండి.

## మెమరీ స్టిక్‌లోనే వదిలేయడం

ఆడటానికి ఇంతకన్నా హాయి లేదు. ఏమీ చెయ్యనక్కర్లేదు. దాచుకోవడానికి మాత్రం ఇంతకన్నా బలహీనమైన దారి లేదు. కాపీ ఒక్కటే, అదీ ఏళ్ల నాటి ఫ్లాష్ మెమరీ మీద. పీఎస్‌పీ వాడే మెమరీ స్టిక్ ప్రో డ్యుయో కార్డులకి నకిలీలు విపరీతంగా వచ్చాయి. పైన 16 జీబీ అని ఉంటుంది, లోపల అంతకన్నా చాలా తక్కువ. అసలు సామర్థ్యం దాటేదాకా బాగానే పనిచేస్తుంది, ఆ తర్వాత రాసిన ఫైళ్లు మాయమవుతాయి. సేవ్‌లు పక్కన కాపీ పెట్టుకుని, కార్డుని ఖాళీ చేసి, విండోస్‌లో హెచ్2టెస్ట్‌డబ్ల్యూ అనే ఉచిత ప్రోగ్రామ్‌తో నిండా రాయించి చదివిస్తే అసలో నకిలీయో తేలిపోతుంది.

ఇలా వదిలేసిన సేవ్‌లు పాడయ్యేది ఎక్కువగా రాస్తున్న క్షణంలోనే. ఎడమవైపు నారింజ రంగు లైటు మినుకుతున్నంతసేపూ స్టిక్ మూత ముట్టుకోకూడదు, పవర్ స్విచ్ జరపకూడదు. పవర్ లైటు ఆకుపచ్చగా వెలిగి ఆరుతుంటే బ్యాటరీ అయిపోవచ్చిందని అర్థం. అప్పుడు సేవ్ చేయాలంటే ముందు చార్జర్ పెట్టాలి. సగం రాసిన డేటా ఫైల్‌కీ, పారమ్.ఎస్‌ఎఫ్‌ఓలోని విలువలకీ పొంతన కుదరకపోతే కెరీర్ మొత్తం పోయినట్టే.

స్విచ్ పైకి జరిపి నిద్రపుచ్చడాన్ని సేవ్ అనుకునేవాళ్లున్నారు. అది ఆటని మెమరీలో నిలిపి ఉంచడం మాత్రమే. బ్యాటరీ తీసినా, పూర్తిగా దిగిపోయినా ఆ క్షణం దాకా ఆడింది నీళ్లపాలే. పాత బ్యాటరీలు ఉబ్బి చార్జి నిలుపుకోలేకపోతున్న ఈ రోజుల్లో ఇది మరీ ప్రమాదం.

## మైక్రో ఎస్‌డీ అడాప్టర్

అసలైన మెమరీ స్టిక్‌లు దొరకడం కష్టమైపోయింది. మైక్రో ఎస్‌డీ కార్డుని ప్రో డ్యుయో ఆకారంలోకి మార్చే అడాప్టర్ ఆ లోటు తీరుస్తుంది. కొత్త కార్డు, కొత్త ఫ్లాష్ మెమరీ, పైగా కార్డుని తీసి నేరుగా కార్డ్ రీడర్‌లో పెట్టుకోవచ్చు. యూఎస్‌బీ కేబుల్‌తో పని లేదు. ఇవాళ పీఎస్‌పీ మీద ఆడేవాళ్లకి ఇదే సరైన ఎంపిక.

మూడు సంగతులు గుర్తుంచుకోవాలి. మొదటిది, ఒకే కార్డు పట్టే అడాప్టర్ తీసుకోండి. రెండు కార్డులు పట్టేవి రెండింటినీ కలిపి ఒకే డ్రైవ్‌లా చూపిస్తాయి, ఒకటి చెడితే రెండూ పోయినట్టే. రెండోది, 64 జీబీ ఆపై కార్డులు ఎక్స్‌ఫ్యాట్ పద్ధతిలో ఫార్మాట్ అయి వస్తాయి, పీఎస్‌పీ దాన్ని చదవలేదు. ఫ్యాట్32 కావాలి. కార్డు పెట్టి, పీఎస్‌పీలోనే సిస్టమ్ సెట్టింగ్స్‌లో మెమరీ స్టిక్ ఫార్మాట్ చేయించడం తేలిక. ఫోల్డర్లనూ అదే తయారుచేసుకుంటుంది. మూడోది, చవక అడాప్టర్లలో కార్డు కాస్త వదులుగా ఉంటుంది. ఆట మధ్యలో స్టిక్ లేదని సందేశం వస్తుంటే అడాప్టర్‌ని అనుమానించండి, కార్డుని కాదు.

ఇంత చేసినా కాపీ ఒక్కటేనన్న సంగతి మారలేదు. అడాప్టర్ ఆడుకునే చోటును గట్టిపరుస్తుంది, బ్యాకప్ ఇవ్వదు.

## కంప్యూటర్‌లో తేదీవారీ కాపీలు

ఎవరికైనా గట్టిగా చెప్పదగిన దారి ఇదే. మిగతా ఏది ఎంచుకున్నా దీన్ని పక్కన పెట్టుకోవాల్సిందే. చేయాల్సింది ఇంతే:

1. ఆట నుంచి పూర్తిగా బయటికి వచ్చి, యూఎస్‌బీ కనెక్షన్ ఆన్ చెయ్యండి. అడాప్టర్ ఉంటే పీఎస్‌పీ ఆపేసి, కార్డు తీసి రీడర్‌లో పెట్టండి.
2. కంప్యూటర్‌లో ఒక కొత్త ఫోల్డర్ తయారుచేసి, దానికి తేదీ, సందర్భం పేరుగా పెట్టండి. ఉదాహరణకు «2025-03-14 టైటిల్ పోరాటానికి ముందు».
3. మీ డిస్క్ నంబరుతో మొదలయ్యే ఫోల్డర్లన్నీ అందులోకి కాపీ చెయ్యండి. లోపలి ఫోల్డర్ల పేర్లు ముట్టుకోవద్దు.
4. బయటి ఫోల్డర్‌ని జిప్ చేసి, ఒకటి పెన్‌డ్రైవ్‌లో, ఒకటి మీరు వాడే ఆన్‌లైన్ డ్రైవ్‌లో పెట్టండి.
5. కంప్యూటర్‌లో డ్రైవ్‌ని ఎజెక్ట్ చేశాకే పీఎస్‌పీలో యూఎస్‌బీ కనెక్షన్ ఆపండి.

తేదీ మీరే రాయమనడానికి కారణం ఉంది. బ్యాటరీ చాలాకాలం తీసేసి ఉంచితే పీఎస్‌పీ గడియారం వెనక్కి పోతుంది. ఆ తర్వాత చేసిన సేవ్‌లన్నీ ఏళ్ల క్రితంవిగా కనిపిస్తాయి. ఫైల్ తేదీని నమ్మి కొత్తది ఏదో తేల్చుకుంటే అసలుకే ఎసరు వస్తుంది.

ఎన్ని కాపీలు ఉంచాలి? కెరీర్ మొదలైనప్పటిది ఒకటి, ప్రతి టైటిల్ పోరాటానికి ముందుది ఒకటి, ఈమధ్య కాలంవి నాలుగైదు. ఇవన్నీ కలిపినా పట్టే జాగా ఎంతో ఉండదు. మధ్యలోవి తీసేసినా పర్వాలేదు, మొదటిది మాత్రం తీసేయవద్దు. ఫైటర్ రూపం, పచ్చబొట్లు, స్టైల్ అన్నీ కుదిరి ఒక్క పోరాటం కూడా ఆడని ఆ సేవ్ నుంచి ఎన్ని కెరీర్లైనా మొదలుపెట్టవచ్చు.

మ్యాక్ వాడేవాళ్లకు ఒక మాట: కాపీ చేసేటప్పుడు చుక్కతో మొదలయ్యే అదనపు ఫైళ్లు స్టిక్ మీద చేరుతుంటాయి. అవి ఎక్కడ కనబడినా తీసేయండి.

## ఎమ్యులేటర్‌లో, ఆటలోని సేవ్‌నే వాడటం

పీపీఎస్‌ఎస్‌పీపీ అనే పీఎస్‌పీ ఎమ్యులేటర్ 2012 నవంబరు నుంచి ఉంది. ఇవాళ విండోస్, ఆండ్రాయిడ్ మీదే కాదు, 2024 మే నుంచి ఐఫోన్ యాప్ స్టోర్‌లోనూ దొరుకుతోంది. దీని గొప్పతనం ఏమిటంటే, మెమరీ స్టిక్ ఎలా ఉంటుందో అచ్చం అలాగే ఒక ఫోల్డర్‌ని నడుపుతుంది. పీఎస్‌పీ, దానిలోపల సేవ్‌డేటా, దానిలో అదే డిస్క్ నంబరు ఫోల్డర్. మీ పీఎస్‌పీ నుంచి తీసిన ఫోల్డర్‌ని ఇక్కడ పెడితే కెరీర్ అక్కడి నుంచే కొనసాగుతుంది. ఇక్కడి సేవ్‌ని కూడా ఎన్‌క్రిప్ట్ చేసే రాస్తుంది కాబట్టి తిరిగి పీఎస్‌పీకి కూడా తీసుకెళ్లవచ్చు. సెట్టింగ్స్ ఫైల్‌లో ఎన్‌క్రిప్ట్‌సేవ్ అనే వరుసను ఎవరైనా ఆపేసి ఉంటే మాత్రం అసలు పీఎస్‌పీ ఆ సేవ్‌ని ఒప్పుకోదు.

షరతు ఒక్కటే: ఎమ్యులేటర్‌లో నడిచే ఆట కాపీ, మీ డిస్క్ రెండూ ఒకే నంబరువి కావాలి. అమెరికా డిస్క్ సేవ్ యూరప్ కాపీకి కనిపించదు.

ఆ ఫోల్డర్ ఎక్కడుందో తెలుసుకోవడమే ఇక్కడ అసలు పని. విండోస్‌లో ఇన్‌స్టాలర్‌తో వేసుకుంటే డాక్యుమెంట్స్‌లోని పీపీఎస్‌ఎస్‌పీపీ ఫోల్డర్‌లో ఉంటుంది. జిప్ విప్పి వాడితే ప్రోగ్రామ్ పక్కనే మెమ్‌స్టిక్ అనే ఫోల్డర్ కనిపిస్తుంది. ఆండ్రాయిడ్‌లో యాప్ మొదటిసారి తెరిచినప్పుడు స్టోరేజీ ఎక్కడ పెట్టమంటారని అడుగుతుంది. మీరే ఒక ఫోల్డర్ చూపించండి. యాప్ సొంత స్టోరేజీ అని ఎంచుకుంటే, యాప్ తీసేసిన రోజు సేవ్‌లు కూడా దాంతోపాటే పోతాయి. ఐఫోన్‌లోనూ అంతే, యాప్ తొలగిస్తే దాని ఫైళ్లు పోతాయి. ముందే ఫైల్స్ యాప్‌లోంచి కాపీ తీసి పెట్టుకోవాలి.

## సేవ్ స్టేట్‌లు

ఎక్కువమంది మోసపోయేది ఇక్కడే, కాబట్టి కాస్త నిదానంగా చూద్దాం.

సేవ్ స్టేట్ అంటే ఆ క్షణంలో ఆట మెమరీ మొత్తానికి తీసిన ఫొటో. రెండో రౌండ్‌లో ప్రత్యర్థి మీ మీద మౌంట్‌లో ఉన్న (పైకెక్కి కూర్చున్న) క్షణాన్ని కూడా ఆపి ఉంచవచ్చు. సబ్మిషన్ (ఓటమి ఒప్పించే పట్టు) నుంచి తప్పించుకోవడం, గార్డ్ (కింద పడ్డవాళ్లు కాళ్లతో అడ్డుకునే భంగిమ) మార్చడం వంటివి ఇరవై సార్లు సాధన చేయడానికి దీన్ని మించింది లేదు. ఫైళ్లు పీఎస్‌పీ ఫోల్డర్‌లోపల పీపీఎస్‌ఎస్‌పీపీ_స్టేట్ అనే చోట, స్లాట్ నంబరుతో ఉంటాయి.

కానీ ఇవి ఎమ్యులేటర్‌వి, ఆటవి కావు. అసలు పీఎస్‌పీలో పనిచేయవు. ఎమ్యులేటర్ కొత్త వెర్షన్ వచ్చాక పాత స్టేట్ తెరుచుకుంటుందన్న భరోసా లేదు, తెరుచుకున్నా తేడాగా నడవవచ్చు. దీర్ఘకాలం దాచుకోవడానికి ఆటలోని సేవ్‌నే వాడమని ఎమ్యులేటర్ తయారుచేసినవాళ్లే చెబుతారు.

అసలు దెబ్బ మాత్రం రెండు రకాల సేవ్‌లూ కలిపి వాడినప్పుడు తగులుతుంది. ఇలా జరుగుతుంది:

శనివారం ఒక పోరాటం మధ్యలో, ఒకటో స్లాట్‌లో స్టేట్ తీశారు. ఆదివారం మూడు పోరాటాలు గెలిచి, ఆటలోని మెనూలో పద్ధతిగా సేవ్ చేశారు. సోమవారం ఆ గ్రౌండ్ పొజిషన్ ఇంకోసారి సాధన చేద్దామని ఒకటో స్లాట్ తెరిచారు. ఇప్పుడు ఆట మెమరీలో ఉన్నది శనివారం కెరీర్. ఆ పోరాటం ముగిశాక సేవ్ చేయాలా అని ఆట అడిగితే అలవాటుగా ఔను అన్నారు, లేదా ఆటోసేవ్ దానంతట అదే రాసింది. సేవ్‌డేటాలో ఉన్న ఆదివారం కెరీర్ మీద శనివారం కెరీర్ పడింది. ఎక్కడా ఏ తప్పూ చూపించదు, సేవ్ బాగానే తెరుచుకుంటుంది, మూడు విజయాలు మాత్రం ఉండవు.

దీనికి విరుగుడు సులువు. సాధనకి తీసే స్టేట్‌లను కెరీర్ నుంచి తీయవద్దు, ఎగ్జిబిషన్ పోరాటం నుంచి తీయండి. ఆటోసేవ్ ఉంటే సాధన రోజున ఆపేయండి. స్టేట్‌తో మొదలుపెట్టిన ఆటను సేవ్ చేయకుండానే ముగించి, ఆటను మొత్తం మూసి మళ్లీ తెరిచాకే కెరీర్‌లోకి వెళ్లండి. కెరీర్‌లో ఓడిన ప్రతిసారీ స్టేట్ తెరిచి మళ్లీ ఆడే అలవాటైతే, ఓటమికి విలువే లేకుండా పోతుంది. మీ ఇష్టమే గానీ, ఈ ఆటలో రికార్డులో పడ్డ ఒక ఓటమి తర్వాత మళ్లీ ర్యాంకులెక్కడంలో చాలా రుచి ఉంది.

## వేరేవాళ్ల సేవ్ దించుకోవడం

ఫైటర్లు, బహుమతులు అన్నీ తెరుచుకుని ఉన్న సేవ్‌లు దొరుకుతాయి. పీఎస్‌పీ సేవ్‌ని ఆట తాళంతో కట్టేస్తుందిగానీ ఒక యంత్రానికి కట్టేయదు, కాబట్టి వేరేవాళ్ల పీఎస్‌పీలో రాసింది మీ దానిలోనూ తెరుచుకుంటుంది. స్నేహితులతో పక్కపక్కన కూర్చుని ఆడటానికే ఆట కావాలనుకునేవాళ్లకి ఇది మంచి దారి. కెరీర్ ఆడాలనుకునేవాళ్లకి కాదు: అవతలివాళ్ల ఫైటర్, వాళ్లు ఎంచుకున్న కష్టస్థాయి, వాళ్ల సెట్టింగులు అన్నీ కలిపి వస్తాయి. మీ కెరీర్‌లోకి అన్‌లాక్‌లను మాత్రమే విడిగా తెచ్చుకోవడం కుదరదు.

పనిచేయలేదని చెప్పేవాళ్లలో చాలామందికి కారణం కింది నాలుగింట్లో ఒకటి:

- రీజియన్ తేడా. మీ డిస్క్ యూఎల్‌యూఎస్, సేవ్ యూఎల్‌ఈఎస్. ఆటకి అది కనబడనే కనబడదు. ఫోల్డర్ పేరు మార్చినా సరిపోదు, పాత పేరు పారమ్.ఎస్‌ఎఫ్‌ఓలో తనిఖీ విలువలతో సహా ఉంటుంది. మీ నంబరు సేవ్‌నే వెతుక్కోండి.
- ఫోల్డర్‌లో ఫోల్డర్. జిప్ విప్పినప్పుడు అదే పేరుతో రెండు వరసలు ఏర్పడతాయి. సేవ్‌డేటా కింద డిస్క్ నంబరు ఫోల్డర్, దాన్ని తెరవగానే పారమ్.ఎస్‌ఎఫ్‌ఓ కనబడాలి. మధ్యలో ఇంకేదీ ఉండకూడదు.
- వేరే మెషీన్ సేవ్. ఇదే ఆట పీఎస్3, ఎక్స్‌బాక్స్ 360లకీ వచ్చింది. వాటి సేవ్‌లు పీఎస్‌పీకి పనికిరావు.
- చీట్లతో ఉబ్బించిన సేవ్. పరిమితి దాటిన విలువలున్న ఫైటర్‌ని తెరవగానే ఆట ఆగిపోవచ్చు. తప్పు మీ స్టిక్‌ది కాదు, ఆ సేవ్ తీసేయండి.

అన్నిటికన్నా ముందు చేయాల్సింది మీ సొంత ఫోల్డర్‌ని కాపీ తీసి పక్కన పెట్టడం. దించుకున్న ఫోల్డర్ పేరూ మీ ఫోల్డర్ పేరూ ఒకటే అయ్యే అవకాశం చాలా ఎక్కువ. కంప్యూటర్ «రీప్లేస్ చేయాలా» అని అడిగితే ఔను అన్న మరుక్షణం మీ కెరీర్ ఉండదు. అంతకన్నా చెడ్డది విండోస్‌లో రెండు ఫోల్డర్లనూ కలిపేయడం: కొన్ని ఫైళ్లు మీవి, కొన్ని వాళ్లవి మిగిలితే రెండూ తెరుచుకోవు. మీ ఫోల్డర్‌ని సేవ్‌డేటా నుంచి పూర్తిగా బయటికి తీసి, ఆ తర్వాతే కొత్తది పెట్టండి.

## పీఎస్ వీటా సంగతి

పీఎస్‌పీ తర్వాత సోనీ తెచ్చిన చేతి యంత్రం వీటా కోసం 2012లో సుప్రిమసీ ఎంఎంఏ: అన్‌రిస్ట్రిక్టెడ్ అనే మరో మిశ్రమ యుద్ధకళల ఆట వచ్చింది. అది ఆడేవాళ్లకి పై సలహాల్లో చాలావరకు వర్తించవు. వీటా సేవ్‌లు ఖాతాకు ముడిపడి ఉంటాయి, ఫోల్డర్ తీసి వేరే వీటాలో పెట్టేస్తే తెరుచుకోవు. కంటెంట్ మేనేజర్ ద్వారానో, అదే పని చేసే క్యూసీఎంఏ అనే ఉచిత ప్రోగ్రామ్ ద్వారానో కంప్యూటర్‌కి బ్యాకప్ తీయాలి. హోమ్ స్క్రీన్ మీద ఆట గుండ్రటి ఐకాన్‌ని తొలగిస్తే సేవ్ కూడా పోతుందన్నది మరవకండి. జాగా కోసం ఆట తీసేసే ముందు బ్యాకప్ తప్పనిసరి.

## పక్కపక్కన పెట్టి చూస్తే

| దారి | పరికరం పాడైతే | వేరే పరికరానికి | వెనక్కి వెళ్లడం | చెరిగిపోయే ప్రమాదం |
|---|---|---|---|---|
| పాత మెమరీ స్టిక్ | పోతుంది | స్టిక్ మార్చుకుంటేనే | కుదరదు | మధ్యస్థం |
| మైక్రో ఎస్‌డీ అడాప్టర్ | కార్డు బాగుంటే మిగులుతుంది | కార్డు తీసి పెట్టవచ్చు | కుదరదు | మధ్యస్థం |
| కంప్యూటర్‌లో తేదీవారీ కాపీలు | మిగులుతుంది | పీఎస్‌పీకీ, ఎమ్యులేటర్‌కీ | ఎంత వెనక్కైనా | తక్కువ |
| ఎమ్యులేటర్‌లో ఆటలోని సేవ్ | కాపీ తీసి ఉంటేనే | పీఎస్‌పీకి వెళ్తుంది | కాపీలుంటేనే | మధ్యస్థం |
| సేవ్ స్టేట్‌లు | కాపీ తీసి ఉంటేనే | పీఎస్‌పీకి వెళ్లదు | స్లాట్లు ఉన్నంతవరకు | చాలా ఎక్కువ |
| దించుకున్న సేవ్ | మళ్లీ దించుకోవచ్చు | డిస్క్ నంబరు కలిస్తే | వర్తించదు | మొదటిసారి చాలా ఎక్కువ |

## మీరు ఎలా ఆడతారన్నదాన్ని బట్టి

పీఎస్‌పీ మీదే ఆడి, ఒకే కెరీర్‌ని ఏళ్ల తరబడి నడిపేవాళ్లు ఒకే కార్డు పట్టే అడాప్టర్‌కి మారి, ప్రతి టైటిల్ పోరాటానికి ముందు కంప్యూటర్‌కి ఒక కాపీ తీసుకోండి. పాత స్టిక్ ఇంకా పనిచేస్తుంటే అందులోని సేవ్‌లని చెరపకుండా అలాగే పక్కన పెట్టండి, అదీ ఒక కాపీయే.

ఇంట్లో పీఎస్‌పీ, బయట ఫోన్ వాడేవాళ్లు ఆటలోని సేవ్‌నే వాడాలి, స్టేట్‌ల జోలికి పోకూడదు. ఎప్పుడు మారినా దిశ ఒకటే అని పెట్టుకోండి: ఆఖరున ఆడిన పరికరం నుంచి కంప్యూటర్‌కి, అక్కడి నుంచి రెండోదానికి. ఫోన్ నుంచి నేరుగా పీఎస్‌పీకి కాపీ చేస్తే, ఏది కొత్తదో తికమకపడి పాతదాన్ని కొత్తదాని మీద పెట్టిన రోజు వెనక్కి తెచ్చుకోవడానికి ఏమీ మిగలదు.

గ్రౌండ్ గేమ్ (నేల మీద పడి చేసే పోరు) నేర్చుకోవాలనుకునేవాళ్లు స్టేట్‌లను నిశ్చింతగా వాడుకోండి, ఎగ్జిబిషన్‌లో మాత్రమే.

వారాంతంలో నలుగురితో ఆడేవాళ్లు దించుకున్న సేవ్‌ని విడి కార్డులో పెట్టుకోండి. కెరీర్ కార్డు ఒకటి, సరదా కార్డు ఒకటి. మైక్రో ఎస్‌డీలో ఇది చాలా తేలిక, రెండు ఫోల్డర్లూ ఒకదాని ముఖం ఒకటి చూసుకునే పనే ఉండదు.

ఏది ఎంచుకున్నా, మొదటి కాపీ తీసిన రోజే దాన్ని పరీక్షించండి. ఎమ్యులేటర్ ఉంటే కాపీని అందులో పెట్టి కెరీర్ తెరవండి. లేకపోతే ఇంకో కార్డుని పీఎస్‌పీలో ఫార్మాట్ చేసి, కాపీని అందులోని సేవ్‌డేటాలో పెట్టండి. గేమ్ మెనూలోని సేవ్డ్ డేటా యుటిలిటీకి వెళ్లి, ఐకాన్ బొమ్మ సరిగ్గా వస్తోందా, పాడైన డేటా అని ఉందా చూడండి. తర్వాత ఆట తెరిచి మీ ఫైటర్ రికార్డు చదవండి. గెలుపోటముల అంకెలు మీకు గుర్తున్నవే అయితే ఆ కాపీ మంచిదే. అప్పుడు ఆ అంకెలను కూడా ఫోల్డర్ పేరులో, తేదీ పక్కన రాసిపెట్టండి: «12-3, ఇంకా టైటిల్ లేదు».